తెర మూలన నల్లచుక్క: మనం రోజూ చూసే సినిమా అలవాట్లు ఎక్కడ పుట్టాయి?

హాలు_మేనల్లుడు (శనివారం, సాయంత్రం 6:12)
అందరికీ నమస్కారం. పాలకొల్లు దగ్గర మా మేనమామ గారిది ఒక హాలు ఉంది. ఆట ఆగిపోయి పదిహేనేళ్లయింది. ఇప్పుడు కల్యాణ మండపం చేస్తున్నారు. ప్రొజెక్టర్ ఉండే క్యాబిన్ ఖాళీ చేసే పని నాకు అప్పజెప్పారు. రివైండింగ్ బల్ల సొరుగులో ఒక హార్లిక్స్ సీసా దొరికింది, నిండా ఫిల్మ్ ముక్కలు. ఒక్కోటి దాదాపు మూరెడు. ఎండకి పెట్టి చూస్తే చాలా ముక్కల్లో బొమ్మకి కుడివైపు పైమూలన నల్లచుక్క ఉంది. వరసగా నాలుగు బొమ్మల్లో ఉంటుంది, ఆ తర్వాత ఉండదు. కొన్నిట్లో చుక్కకి బదులు మేకుతో గీకినట్టు ఇంటూ గుర్తు. చిన్నప్పుడు తెర మీద కూడా ఈ చుక్క చూశాను. ఫిల్మ్ పాడైందేమో అనుకునేవాణ్ణి. ఏమిటిది? తెలిసినవాళ్లు చెప్పండి.

కార్బన్_వెలుగు (శనివారం, రాత్రి 8:50)
బాబూ, ఆ సీసా పారెయ్యకండి. అది మా ఆపరేటర్ల కోసం పెట్టిన చుక్క. నేను గుడివాడలో, బందరులో ముప్ఫై ఒక్కేళ్లు ఆపరేటర్‌గా చేశాను.

హాల్లో వేసే రీలు రెండు వేల అడుగులు. నిమిషానికి తొంభై అడుగులు పోతుంది కాబట్టి ఇరవై రెండు నిమిషాల్లో అయిపోతుంది. సినిమా రెండున్నర గంటలు. అందుకే క్యాబిన్‌లో రెండు మిషన్లు పక్కపక్కనే ఉంటాయి. ఒకటి ఆడుతుంటే రెండోదానికి తర్వాతి రీలు ఎక్కించి, వెలుగు కోసం కార్బన్ కడ్డీలు ముట్టించి, కిటికీలోంచి తెర మూల వైపే చూస్తూ నిలబడాలి. మొదటి చుక్క పడగానే రెండో మిషన్ మోటారు ఆన్ చెయ్యాలి. సుమారు ఏడు సెకన్లకి రెండో చుక్క పడుతుంది. అది పడిన క్షణంలో ఈ మిషన్ మూసి ఆ మిషన్ తెరవాలి. సరిగ్గా చేస్తే హాల్లో ఒక్కరికీ తెలీదు. నేలటికెట్టు నుంచి బాల్కనీ దాకా ఎవరికీ తెలియకుండా ఆటకి ఆరేడు సార్లు చేసేవాళ్లం.

ఇంటూ గుర్తు సంగతి. కొత్త ప్రింటుకి చుక్క ల్యాబులోనే పడుతుంది, అందుకే నల్లగా ఉంటుంది. ప్రింటు ఎ సెంటర్లో ఆడి, బి సెంటర్ తిరిగి, మీలాంటి సి సెంటర్‌కి వచ్చేసరికి రీళ్ల చివర్లు తెగీ అతికీ కురచైపోయేవి. చుక్క ఉన్న ముక్కే పోయేది. అప్పుడు ఆపరేటర్ మేకుతోనో సూదితోనో తనే గీసుకునేవాడు. ఒకడు ఇంటూ గీస్తే ఒకడు సున్నా చుట్టేవాడు, ఇంకొకడు రెండు అడ్డగీతలు. గీత చూసి ఈ ప్రింటు తెనాలి మీదుగా వచ్చిందా, ఏలూరు మీదుగా వచ్చిందా చెప్పగలిగేవాళ్లం.

చార్మినార్_చంద్రం (శనివారం, రాత్రి 9:15)
అన్నా, ఇంత ముచ్చట ఉందా ఆ చుక్కల! నేను సుత ఫిల్మ్ మీద దుమ్ము అనుకున్న. గిట్ల మనకు తెల్వకుండా ఎక్కన్నుంచో వచ్చినయి ఇంకేమున్నయో చెప్పుండ్రి. సెకనుకు 24 బొమ్మలు అంటరు గద, అది మన కన్నుకు అంతకన్నా ఎక్కువ కనబడది అని పెట్టిండ్రట. నిజమేనా?

సౌండు_శీను (శనివారం, రాత్రి 10:02)
చంద్రం అన్నా, చాలామంది అదే చెప్తారు కానీ అది నిజం కాదు. 24 వచ్చింది కన్ను వల్ల కాదు, చెవి వల్ల.

మూకీ రోజుల్లో కెమెరాకి చేతి పిడి ఉండేది. ఒక్క తిప్పుకి ఎనిమిది బొమ్మలు. సెకనుకి రెండు తిప్పులు తిప్పితే 16. తిప్పేవాడి చెయ్యి ఎప్పుడూ ఒకేలా ఉండదు కదా. హాల్లో కూడా ఇంకో ఆట పడాలంటే ఆపరేటర్ వేగం పెంచేసేవాడు. బొమ్మ కొంచెం గబగబా నడిచినా జనం సర్దుకుంటారు. మాట అలా కాదు. వేగం ఏమాత్రం మారినా గొంతు మారిపోతుంది, పాట శ్రుతి తప్పుతుంది. 1926లో అమెరికాలో వెస్టర్న్ ఎలక్ట్రిక్ వాళ్లు సినిమాకి ధ్వని కట్టేటప్పుడు ఒకే ఒక్క వేగం ఖాయం చెయ్యక తప్పలేదు. అప్పటికి పెద్ద హాళ్లలో నడుస్తున్న వేగానికి దగ్గరగా నిమిషానికి 90 అడుగులు పెట్టారు. అడుగుకి 16 బొమ్మలు. తొంభైని పదహారుతో గుణించి అరవైతో భాగించండి, సరిగ్గా 24 వస్తుంది.

కన్ను సంగతికొస్తే, సెకనుకి 24 సార్లే వెలుగు పడితే తెర రెపరెపలాడుతూ కళ్లు లాగేస్తాయి. అందుకని ప్రొజెక్టర్‌లో వెలుగుని మూసి తెరిచే షట్టర్‌కి రెండు రెక్కలు పెట్టి ఒక్కో బొమ్మని రెండుసార్లు చూపిస్తారు. అంటే మీరు చూసేది 48 మెరుపులు. కొన్ని మిషన్లలో మూడు రెక్కలు కూడా ఉంటాయి.

గ్రామఫోన్_గోపి (శనివారం, రాత్రి 10:40)
శీను గారూ, దీనికి మా వైపు నుంచి ఒక కొసరు. ఆ 1926 పద్ధతిలో ధ్వని ఫిల్మ్ మీద లేదు, వేరే పళ్లెం మీద ఉండేది. పదహారు అంగుళాల రికార్డు. వెయ్యి అడుగుల రీలు పదకొండు నిమిషాలు ఆడుతుంది కాబట్టి పళ్లెం కూడా అంతసేపూ ఆడాలి. మామూలు రికార్డులా నిమిషానికి 78 చుట్ల వేగంలో తిప్పితే అంత నిడివి రాదు. అందుకని వేగం తగ్గించి నిమిషానికి 33⅓ చుట్లు చేశారు. తర్వాత 1948లో ఎల్పీ రికార్డు వచ్చినప్పుడు ఆ వేగాన్నే తీసుకున్నారు. మన ఇళ్లలో ఎల్పీలు తిరిగిన వేగం సినిమా రీలు పొడవుని బట్టి వచ్చిందన్నమాట. ఈ సంగతి తెలిసిన రోజు రాత్రి నాకు చాలాసేపు నిద్రపట్టలేదు.

పాటకి మూడు నిమిషాలు అన్న లెక్క కూడా అలాంటిదే. పది అంగుళాల 78 రికార్డు ఒక వైపు మూడు, మూడుంబావు నిమిషాలు. నాటకంలో పదిహేను నిమిషాల సేపు రాగం తీసిన పద్యాన్ని రికార్డు కోసం మూడు నిమిషాలకి కుదించి పాడాల్సి వచ్చింది. ఆలాపన తగ్గింది, ఎత్తుకోగానే పల్లవి తెలియాలి. పాట పెద్దదైతే మొదటి భాగం ఒక వైపు, రెండో భాగం వెనకవైపు. మా దగ్గరున్న రికార్డుల్లో అలాంటివి నలభై దాకా ఉన్నాయి. మధ్యలో పళ్లెం తిప్పి పెట్టాలి కాబట్టి సంగీత దర్శకుడు ఎక్కడో ఒకచోట ఊపిరి పీల్చుకునే తావు ఉంచాలి. ఆ తావుని జాగ్రత్తగా వినండి, చాలా అందంగా ఉంటుంది.

ఇంకొకటి. గాయని గౌహర్ జాన్ గారు 1902లో కలకత్తాలో పాడిన రికార్డుల చివర "మై నేమ్ ఈజ్ గౌహర్ జాన్" అని ఇంగ్లీషులో అంటారు. చాలామంది అది ఆవిడ దర్పం అనుకుంటారు. కారణం వేరు. మైనపు పళ్లేలు అచ్చు వేయడానికి జర్మనీలోని హానోవర్‌కి ఓడలో వెళ్లేవి. అక్కడివాళ్లకి మన భాష రాదు. ఏ పళ్లెం ఎవరిదో తెలిసి సరైన లేబుల్ అతికించాలి కదా, అందుకని పాడినవాళ్లు చివర్లో పేరు చెప్పేవారు. ఎన్నిసార్లు విన్నా ఆ గొంతులోని ధీమా నన్ను కదిలిస్తుంది, అది వేరే సంగతి.

శ్రుతిపెట్టె (ఆదివారం, ఉదయం 7:30)
ఇది చదివాక నా చిన్ననాటి చిక్కుముడి ఒకటి విడిపోయింది. మా నాన్నగారు హార్మోనియం వాయించేవారు. శుక్రవారం సాయంత్రం దూరదర్శన్‌లో చిత్రలహరి వస్తుంటే టీవీతో పాటు వాయించాలని కూర్చునేవారు. ఏ మెట్టు నొక్కినా పాటకి కలిసేది కాదు. ఒకటి తక్కువవుతుంది, పక్కది ఎక్కువవుతుంది. పెట్టె శ్రుతి పోయిందని రెండుసార్లు బాగు చేయించారు. అదే పాట హాల్లో విని వచ్చి వాయిస్తే చక్కగా కుదిరేది.

మన కరెంటు 50 హెర్ట్జ్. దానికి తగ్గట్టు మన టీవీ సెకనుకి 25 బొమ్మలు. సినిమాది 24. టీవీలో వేసేటప్పుడు ఫిల్మ్‌ని 25 వేగంతోనే నడిపేసేవారు. అంటే వందకి నాలుగు వంతులు వేగం ఎక్కువ. రెండున్నర గంటల సినిమా ఆరు నిమిషాల ముందే అయిపోతుంది, పాట శ్రుతి కొంచెం పైకి పోతుంది. ఎంత పైకి అంటే, ఒక మెట్టుకి తక్కువ, సగం మెట్టుకి ఎక్కువ. అందుకే నాన్నగారికి ఏ మెట్టూ దొరకలేదు. ఆయన చెవి తప్పు కాదు, పెట్టె తప్పూ కాదు. ఇప్పుడాయన లేరు. ఉంటే ఈ ఉదయమే చెప్పేదాన్ని.

కార్బన్_వెలుగు (ఆదివారం, ఉదయం 8:05)
అమ్మా, మీ నాన్నగారి చెవికి దణ్ణం.

మద్రాసు_మైకు (ఆదివారం, ఉదయం 10:20)
నేను మద్రాసులో చాలా ఏళ్లు డబ్బింగ్ చెప్పాను. మాటల్లో మిగిలిపోయినవి నేను చెప్తాను.

"టాకీ పార్టు పూర్తయింది, పాటలు మిగిలాయి" అని ఇప్పటికీ సినిమా వార్తల్లో రాస్తారు. టాకీ అంటే మాట్లాడే సినిమా, ఆ మాట తొలి రోజుల నాటిది. 1931 మార్చి 14న బొంబాయి మెజెస్టిక్ హాల్లో మన దేశపు మొదటి టాకీ ఆలం ఆరా విడుదలైంది. అప్పట్లో పాట, మాట రెండూ అక్కడికక్కడే పట్టాలి. స్టూడియో పక్కనే రైలు పట్టాలు, పగలంతా చప్పుడు. అందుకని రాత్రిపూట తీశారు. మైకులు కనపడకుండా దాచేవారు, వాద్యగాళ్లు కెమెరాకి అందని మూలల్లో నక్కి వాయించేవారు. 1935లో కలకత్తా న్యూ థియేటర్స్ వాళ్లు ధూప్ ఛావ్‌లో పాటని ముందే రికార్డు చేసుకుని, నటులు పెదవులు కదిపేలా చేశారు. అక్కడి నుంచి పాట వేరు, మాట వేరు అయ్యాయి. పాటకి టేపు వినిపిస్తే చాలు, మాటకి నిశ్శబ్దం కావాలి. మాట రికార్డు చేసే భాగం టాకీ పార్టు అయింది. తర్వాత మాటని కూడా స్టూడియోలో డబ్బింగ్ చేసే రోజులొచ్చాయి. సెట్లో పట్టిన మాట తెర దాకా రాకపోయినా పేరు మాత్రం పోలేదు.

మేం వాడే "లూపు" కూడా అంతే. నేను చేరిన కొత్తలో ఒక్కో డైలాగు ఉన్న ఫిల్మ్ ముక్కని కత్తిరించి, రెండు కొసలూ కలిపి దండలా అతికించేవారు. ప్రొజెక్టర్‌లో అది గుండ్రంగా తిరుగుతూనే ఉంటుంది. అదే పెదవి, అదే చూపు, అదే ఏడుపు. కుదిరేదాకా చెప్పాలి. ఒకసారి "అమ్మా" అన్న ఒక్క మాటకి ముప్పావు గంట నిలబడ్డాను. బయటికొచ్చి మంచినీళ్లు తాగుతుంటే కూడా ఆ పిల్ల మొహమే కళ్ల ముందు తిరిగింది. ఇప్పుడు కంప్యూటర్‌లో చెప్తారు, దండా లేదు అతుకూ లేదు. అయినా "ఇవాళ ఎన్ని లూపులు?" అనే అడుగుతారు.

చార్మినార్_చంద్రం (ఆదివారం, ఉదయం 11:00)
అక్కా, మరి క్లాపు ఎందుకు కొడ్తరు? పూజలెక్కనా?

సౌండు_శీను (ఆదివారం, ఉదయం 11:25)
ముహూర్తం రోజు కొట్టే క్లాపుని పూజ కింద చేసుకున్నాం కానీ, అది ఎడిటర్ కోసం. బొమ్మ ఒక ఫిల్మ్ మీద, ధ్వని ఇంకో దాని మీద పడతాయి. రెంటినీ కలపాలంటే ఒక గుర్తు కావాలి. చెక్కలు తాకిన బొమ్మ దగ్గర ఒక గీత, "టప్" అన్న చోట ఒక గీత, రెండు గీతలూ ఎదురెదురుగా పెడితే మిగతాదంతా దానంతటదే కలుస్తుంది. పలక మీద రాసిన నంబరు ఏ సీను, ఏ షాటు, ఎన్నో టేకు అని చెప్తుంది. ముందు సౌండు, తర్వాత కెమెరా, ఆ తర్వాత యాక్షన్ అనే వరస కూడా అలాంటిదే. సౌండు మిషన్ పూర్తి వేగం అందుకోవడానికి కొంచెం సేపు పడుతుంది. అంతలో ఖరీదైన నెగటివ్ వృథాగా పోకూడదు. అందుకని కెమెరాని సౌండు తర్వాతే తిప్పేవారు.

నల్లకోటు (ఆదివారం, మధ్యాహ్నం 2:10)
"ఈ చిత్రంలోని పాత్రలు, సంఘటనలు కేవలం కల్పితం" అని సినిమా మొదట్లో తెర మీద వేసే అట్ట గురించి ఎవరూ ఎత్తలేదు. దాని వెనక లండన్ కోర్టు కేసు ఒకటి ఉంది. లా చదివేటప్పుడు నాకు బాగా నచ్చిన కేసుల్లో ఇది ఒకటి.

రష్యాలో జారు కుటుంబానికి దగ్గరైన సాధువు రాస్పుటిన్‌ని 1916 డిసెంబరులో చంపినవాళ్లలో ఫెలిక్స్ యూసుపోవ్ ముఖ్యుడు. ఆయన భార్య ఇరినా జారు చక్రవర్తికి మేనకోడలు. విప్లవం తర్వాత ఇద్దరూ దేశం విడిచి వెళ్లిపోయారు. 1932లో హాలీవుడ్ కంపెనీ ఎంజీఎం వాళ్లు రాస్పుటిన్ మీద సినిమా తీశారు. అందులో నటాషా అనే రాకుమారిని రాస్పుటిన్ చెరిచినట్టు చూపించారు. ఆమె పెళ్లాడబోయే మనిషే రాస్పుటిన్‌ని చంపుతాడు. చూసినవాళ్లు నటాషా అంటే ఇరినాయే అనుకోరా? పైగా మొదట్లో వేసిన అట్టలో, ఈ కథలోని వారిలో కొందరు ఇంకా బతికే ఉన్నారన్న అర్థం వచ్చేలా రాశారు. ఆవిడ దావా వేసింది. 1934లో జ్యూరీ ఇరవై అయిదు వేల పౌన్లు పరిహారం ఇమ్మంది. కంపెనీ అప్పీలుకి వెళ్లినా ఓడిపోయింది.

అప్పీలులో తేలిన విషయం ఇంకా ముఖ్యమైంది. పరువునష్టంలో నోటిమాట వేరు, రాత వేరు. నోటిమాట అయితే మామూలుగా నష్టం రుజువు చెయ్యాలి, రాత అయితే అక్కర్లేదు. మరి సినిమా ఏ కోవలోకి వస్తుంది? నిలిచి ఉండేది, కంటికి కనిపించేది కాబట్టి రాత కిందే లెక్క అన్నారు. ఆ దెబ్బకి హాలీవుడ్ కంపెనీలు "పాత్రలు కల్పితం, పోలికలు యాదృచ్ఛికం" అని వేయడం మొదలుపెట్టాయి. తర్వాత ఆ ఆచారం అందరికీ పాకింది. ఒక మాట గుర్తుపెట్టుకోండి. అట్ట వేసినంత మాత్రాన రక్షణ దొరకదు. చూసినవాళ్లు ఫలానా మనిషే అని గుర్తుపట్టేలా తీస్తే కేసు నిలబడుతుంది. ఆ అట్టని తావీజులా నమ్ముకునే రచయితలంటే నాకు దిగులు.

ఫ్రిస్కో_పిన్ని (ఆదివారం, రాత్రి 7:45)
మేం టెక్సాస్‌లో ఉంటాం. ఇక్కడ మన సినిమాకి వెళ్తే "విశ్రాంతి" అని తెర మీద పడుతుంది, కానీ చాలాసార్లు దీపాలు వెలగవు. అయిదు సెకన్లలో సినిమా సాగిపోతుంది. పుట్టి పెరిగింది ఇక్కడే అయిన మా అబ్బాయి అడిగాడు, కథ మధ్యలో ఆ మాట ఎందుకొస్తుందమ్మా అని. రీలు మార్చుకోవడానికి అని చెప్పాను. పైన ఆపరేటర్ గారు రాసింది చూస్తే అది తప్పనిపిస్తోంది.

కార్బన్_వెలుగు (ఆదివారం, రాత్రి 8:30)
అమ్మా, సగమే తప్పు. రెండు మిషన్లున్న హాల్లో రీలు కోసం ఆపక్కర్లేదు. టూరింగ్ టాకీస్‌లో ఒకటే మిషన్ ఉండేది. అక్కడ ప్రతి రీలుకీ ఆగాల్సిందే. సోడాలు, మురుకులు అన్నిసార్లూ తిరిగేవి. పక్కా హాలు వచ్చాక కూడా మధ్యలో ఒక్కటి ఉంచారు. మూడు గంటల నాటకం చూసే అలవాటున్న జనం. క్యాంటీన్ వేలంపాట హాలువాడికి పెద్ద ఆదాయం. మేం కూడా అప్పుడే కార్బన్ బూడిద దులిపి మిషన్‌కి నూనె పెట్టుకునేవాళ్లం. ఆ తర్వాత కథ రాసేవాళ్లే దాన్ని బట్టి రాయడం మొదలుపెట్టారు. ఇంటర్వెల్‌కి ఒక దెబ్బ పడాల్సిందే. నా లెక్క ప్రకారం మన కథకి రెండు ఎత్తుగడలు, రెండు ముగింపులు రావడానికి అదే కారణం. మీ అబ్బాయికి అలా చెప్పండి.

హాలు_మేనల్లుడు (ఆదివారం, రాత్రి 9:10)
ఇంత తెలుస్తుందని అనుకోలేదు. మళ్లీ క్యాబిన్‌కి వెళ్లొచ్చాను. మూడు సందేహాలు. కొన్ని ముక్కల్లో మనుషులు సన్నగా, పొడుగ్గా సాగినట్టున్నారు, అద్దాల మేడలో చూసినట్టు. బీరువాలో కిలో పైగా బరువున్న ఇత్తడి గొట్టం లెన్సు ఉంది. ఇంకా, క్యాబిన్‌కి మెట్లు హాల్లోంచి లేవు, బయటి గోడ మీద ఉన్నాయి. ప్రొజెక్టర్ కంతలకి ఇనుప మూతలు, గొలుసులు. ఇవి ఎందుకు?

కార్బన్_వెలుగు (ఆదివారం, రాత్రి 9:55)
లెన్సు, సన్నటి మనుషులు రెండూ ఒకటే బాబూ. అది స్కోపు లెన్సు. వెడల్పు బొమ్మని కెమెరాలో నొక్కి మామూలు ఫిల్మ్‌లో ఇరికిస్తారు. ఆ లెన్సు దాన్ని మళ్లీ విప్పుతుంది. ఆన్రీ క్రెత్యాఁ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త చాలా ముందే కనిపెట్టి పెట్టాడు. అమెరికాలో టీవీ వచ్చి హాళ్లు ఖాళీ అయ్యాక 1953లో దాన్ని బయటికి తీశారు, ఇంట్లో దొరకని వెడల్పు చూపిద్దామని. తెలుగులో మొదటి స్కోపు బొమ్మ 1974లో వచ్చిన అల్లూరి సీతారామరాజు. లెన్సు పెట్టడం మర్చిపోయి రీలు మొదలుపెడితే హాలంతా ఒక్కసారిగా ఈలలు.

మెట్ల సంగతి నిప్పు కోసం. తొలి రోజుల ఫిల్మ్ నైట్రేటు. అంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు, నీళ్లలో కూడా మండుతుంది. క్యాబిన్‌లో అంటుకుంటే హాల్లోకి పాకకూడదు. అందుకే వేరే మెట్లు, మందం గోడలు, కంతలకి ఇనుప మూతలు. మన దేశంలో 1918లో వచ్చిన సినిమా చట్టంలో బొమ్మకి సెన్సారుతో పాటు హాలు భద్రతా ఉంది. నైట్రేటు పోయి మంట భయం లేని ఫిల్మ్ వచ్చాక కూడా అలాగే కట్టారు. కట్టే మేస్త్రీకి క్యాబిన్ అంటే అలాగే ఉండాలి అంతే.

హాలు_మేనల్లుడు (సోమవారం, ఉదయం 6:40)
రాత్రి నిద్ర పట్టక ఇంటూ గుర్తున్న ముక్క తీసి లెక్కపెట్టాను. గీత నాలుగు బొమ్మల్లో ఉంది. దాని తర్వాత పద్దెనిమిది బొమ్మలు, ఆపైన కత్తెర. ఆఖరి బొమ్మలో ఎవరో ఆవిడ తలుపు గడియ మీద చెయ్యి వేసి ఉంది.

కార్బన్_వెలుగు (సోమవారం, ఉదయం 7:15)
పద్దెనిమిదే ఉండాలి బాబూ. ముక్కాలు సెకను. రెండో గుర్తు పడ్డాక మాకు ఇచ్చింది అంతే. ఆ గీసినవాడికి లెక్క తెలుసు. మిషన్లు ఇంకా అమ్మలేదా?

హాలు_మేనల్లుడు (సోమవారం, ఉదయం 7:22)
రెండూ ఉన్నాయండి. పాత ఇనుము కింద శుక్రవారం తూకం వేస్తారట. ఒక రీలు డబ్బా కూడా ఉంది, పేరు చెరిగిపోయింది.

కార్బన్_వెలుగు (సోమవారం, ఉదయం 7:30)
నా దగ్గర రెండు జతల కార్బన్లు ఉన్నాయి, రాగి పూత ఇంకా మెరుస్తోంది. బుధవారం పొద్దున్న బస్సుకి వస్తాను. కార్బన్లకి కరెంటు ఇచ్చే రెక్టిఫయర్‌కి కరెంటు వస్తుందో లేదో చూసి ఉంచండి. మీ మామయ్య గారిని కూడా ఉండమనండి.